డిఫాల్ట్‌లో పోయిన దావా గురించి

నాయనా,

మీ నాన్న వేసిన పొలం దావా డిఫాల్ట్‌లో, అంటే హాజరు కాలేదని, కొట్టేశారని, కేసు ఓడిపోయామని ఇంట్లో అందరూ దిగులు పడుతున్నారని చెప్పావు. మీరు ఓడిపోలేదు. జడ్జిగారు మీ దస్తావేజులు చూసి హక్కు లేదని తేల్చలేదు. కేసు పిలిచినప్పుడు మీ తరఫున ఎవరూ పలకలేదు, అంతే. కానీ టైమ్ తక్కువుంది, టెన్షన్ పడుతూ కూర్చోవద్దు.

ముందు ఆ రోజు డాకెట్‌లో, అంటే కోర్టు రోజువారీ నమోదులో, ఏం రాశారో వకీలుగారి చేత చూపించుకో. ఇరుపక్షాలూ రాలేదని ఉంటే, సివిల్ ప్రొసీజర్ కోడ్ 9వ ఆర్డర్ 4వ రూలు ప్రకారం పాత దావానే తెరిపించుకోవచ్చు. కాలపరిమితి మిగిలుంటే కొత్తది కూడా వేయొచ్చు. ప్రతివాది వచ్చి మనం రాలేదని ఉంటే మాత్రం, అదే విషయం మీద కొత్త దావా కుదరదు. అదే ఆర్డర్ 9వ రూలు కింద పాతదాన్ని పునరుద్ధరించమని అడగడమే దారి. 'ఫ్రెష్‌గా వేసేద్దాం' అని ఎవరన్నా తొందరపడకు.

దీనికి గడువు 30 రోజులు. కొట్టేసిన రోజు నుంచే లెక్క, నీకు తెలిసిన రోజు నుంచి కాదు. ఆ ఉత్తర్వు సర్టిఫైడ్ కాపీకి (కోర్టు ధృవీకరించిన నకలుకి) అప్లై చెయ్యి, కానీ అది చేతికొచ్చే దాకా ఆగితే గడువు ఆగదు. ఇప్పటికే దాటిపోయి ఉంటే, లిమిటేషన్ చట్టం 5వ సెక్షన్ కింద ఆలస్యాన్ని మన్నించమని ఇంకో పిటిషన్ కూడా వేయాలి. అందులో గడువు ఎందుకు దాటిందో తేదీలతో సహా చెప్పాలి.

అసలు బలమంతా పిటిషన్‌తో వేసే అఫిడవిట్‌లో (ప్రమాణ పత్రంలో) ఉంటుంది. 'అనారోగ్యం వల్ల రాలేకపోయాను' అని ఒక్క ముక్క రాసి సంతకం పెట్టించేస్తారు చాలామంది. అది చాలదు. ఆ వాయిదా రోజున నాన్న ఎక్కడున్నారు, జ్వరమైతే అది ఎప్పుడు మొదలైంది, వకీలుగారికి కబురు పంపారా, ఆయన ఎందుకు పలకలేదు, ఇవన్నీ ఉండాలి. ఆస్పత్రి చీటీ మీద తేదీ అఫిడవిట్‌లో తేదీతో కలవాలి. అవతలి వకీలు కౌంటర్‌లో, అంటే తన జవాబులో, ముందు పట్టుకునేది అదే. లేని జబ్బు మాత్రం రాయించకు. దొరికిపోతే ఉన్న నిజాన్ని కూడా నమ్మరు.

వకీలు రానందుకు అమాయకుడైన కక్షిదారు నష్టపోకూడదని 1981లో రఫీక్, మున్షీలాల్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. అలాగని తప్పంతా ఆయన మీదకి నెట్టేస్తే సరిపోదు. మీరు కేసు పట్టించుకుంటూనే ఉన్నారని కనపడాలి. ఆయనకి చేసిన ఫోన్లు, మెసేజ్‌లు ఉంటే చెరిపేయకుండా భద్రంగా ఉంచు.

ఖర్చులు కట్టమని కోర్టు షరతు పెడితే చెప్పిన తేదీలోపు కట్టేయండి. 9వ రూలు కింద వేసిన పిటిషన్ కొట్టేసినా 43వ ఆర్డర్ కింద అప్పీలు ఉంది. ఇంజంక్షన్ (అవతలివాళ్ళని ఆపే కోర్టు ఉత్తర్వు) ఏదైనా ఉండి ఉంటే, దాని సంగతి ఇవాళే అడుగు. ఈలోగా అవతలివాళ్ళు పొలం అమ్మకానికి పెడితే కొత్త తలనొప్పి.

ఇక నుంచి ప్రతి వాయిదా ఈ-కోర్ట్స్ యాప్‌లో నువ్వే చూసుకో, కేసుకి ఇచ్చే 16 అక్షరాల సీఎన్ఆర్ నంబర్ కొడితే కనపడుతుంది. డాకెట్‌లో ఏముందో తెలియగానే నాకు ఫోన్ చెయ్యి. ఆస్పత్రి చీటీలు ఈలోగా వెతికి పక్కన పెట్టు.

మీ పెదనాన్న