నర్సు పరిశోధకురాలు కావచ్చా?

ప్రశ్న: మేడమ్ గారికి నమస్కారం. మాది నెల్లూరు జిల్లా. బీఎస్సీ నర్సింగ్ చదివి చెన్నైలో ఒక ప్రైవేటు ఆసుపత్రిలో స్టాఫ్ నర్సుగా పనిచేస్తున్నాను. ఈ మధ్య మా వార్డులో లక్ష్మి అనే పేరున్న పేషెంట్లు ఇద్దరు ఉన్నప్పుడు, ఒకరి రక్తం ట్యూబుకు మరొకరి లేబుల్ అంటించారు. పాత రికార్డులోని బ్లడ్ గ్రూపుతో సరిపోకపోవడంతో బ్లడ్ బ్యాంకు వాళ్లు పట్టుకున్నారు. ఎవరికీ హాని జరగలేదు. రక్తం తీసిన అమ్మాయికి మెమో ఇచ్చారు. అప్పటి నుంచి మా వార్డులో ఎవరూ ఏ పొరపాటునూ రాసి ఇవ్వడం లేదు. ఇలాంటి విషయాల మీద పరిశోధన చేయాలని నాకు బలంగా ఉంది. ఇంట్లో మాత్రం ‘అది డాక్టర్ల పని, నీ ఉద్యోగం నువ్వు చూసుకో’ అంటున్నారు. నర్సుకు ఈ దారి ఉందా?
– పేరు వద్దన్న పాఠకురాలు, అంబత్తూరు, చెన్నై

జవాబు: ఉందమ్మా. మీ ఉత్తరంలో నన్ను ఎక్కువగా కలవరపెట్టింది లేబుల్ సంగతి కాదు, మెమో తర్వాత ఎవరూ రాసి ఇవ్వడం లేదన్న మాట. మీ ఆసుపత్రి రిజిస్టరులో ఇప్పుడు పొరపాట్లు తగ్గినట్టు కనిపిస్తుంది. పేషెంట్లకు మాత్రం ప్రమాదం పెరిగింది. ఆ రెండింటి మధ్య తేడాను మీరు గమనించారు. ఈ రంగానికి కావలసిన చూపు అదే.

ల్యూషన్ లీప్ అనే పిల్లల సర్జన్ 1994లో అమెరికన్ మెడికల్ అసోసియేషన్ పత్రికలో ఈ విషయమే రాశారు. మంచి మనుషులు కూడా పొరపాటు చేస్తారు, పని అమర్చిన తీరును మార్చకుండా మనిషిని శిక్షించినంత మాత్రాన పొరపాట్లు ఆగవు అన్నారు. 1999లో అక్కడి ఇన్‌స్టిట్యూట్ ఆఫ్ మెడిసిన్, వైద్యంలో జరిగే పొరపాట్ల వల్ల అమెరికా ఆసుపత్రుల్లో ఏటా 44,000 నుంచి 98,000 మంది చనిపోతున్నారని అంచనా వేసింది. ఆ నివేదికతో రోగి భద్రత మీద పరిశోధనకు ఊపు వచ్చింది.

ఇక మీ ఇద్దరు లక్ష్ముల సంగతి. రక్తం ఎవరు తీశారని నేను అడగను. లేబుళ్లు ఎక్కడ ప్రింట్ అవుతాయి? నర్సింగ్ స్టేషన్‌లోనే అయితే, నలుగురైదుగురి ట్యూబులు ట్రేలో తెచ్చి బల్ల దగ్గర అంటిస్తున్నారా? మంచం దగ్గర ఏమని అడిగారు? సూళ్లూరుపేట నుంచి వచ్చిన పెద్దావిడను నిద్ర మత్తులో ఉండగా తమిళంలో ‘మీరు లక్ష్మేనా?’ అని అడిగితే, తన పేరు వినిపించింది కాబట్టి తల ఊపుతుంది. ‘మీ పేరు చెప్పండి’ అని ఆమె నోటితోనే చెప్పించాలి. పేరుతోనూ చిక్కే. తమిళుల ఇనిషియల్ సాధారణంగా తండ్రి పేరుది, మనది ఇంటిపేరుది. ఒకే మనిషి ఒకసారి ఇంటిపేరు ముందుగా, మరోసారి వెనుకగా నమోదవుతుంది. పుట్టిన తేదీ చూద్దామంటే, మన పెద్దవాళ్లలో చాలామందికి అది ఎవరో అంచనాగా రాయించినదే. అందుకే చేతి పట్టీ మీది ఆసుపత్రి నంబరును కూడా సరిచూడాలి. చెన్నై వార్డుల్లో తెలుగు రోగులకు ఎదురయ్యే ఈ ఇబ్బందులు వేరే దేశంలో కూర్చున్న పరిశోధకుడికి తట్టవు. రోజూ మీ కళ్ల ముందే ఉన్నాయి.

వైద్య నాణ్యతను అధ్యయనం చేసిన అవెడిస్ డోనబేడియన్ అనే డాక్టరు 1966లో వైద్య నాణ్యతను మూడు వైపుల నుంచి చూడమన్నారు: వసతులు, పని జరిగే తీరు, ఫలితం. మీ వార్డులో లేబుల్ ప్రింటర్ ఉన్న చోటు మొదటిది, మంచం పక్కనే లేబుల్ అంటించడం రెండోది, తప్పు ట్యూబులు మూడోది. తప్పు ట్యూబులు అరుదు కాబట్టి, ముందుగా రెండోదాన్ని లెక్కపెట్టండి. ఏ షిఫ్టులో ఎన్ని ట్యూబులకు మంచం దగ్గరే లేబుల్ పడుతోంది? తర్వాత ఒక్క మార్పు చేసి మళ్లీ లెక్కపెట్టండి. మొదలుపెట్టే ముందు నర్సింగ్ సూపరింటెండెంటుతో మాట్లాడి, ఆసుపత్రి ఎథిక్స్ కమిటీ (పరిశోధనల్లో రోగులకు అన్యాయం జరగకుండా చూసే సంఘం) అనుమతి తీసుకోండి. పేషెంట్ల పేర్లు మీ ఫోనులోకి రాకూడదు. మెమో అందుకున్న ఆ అమ్మాయిని కూడా కలుపుకోండి. ఆ రోజు ఏం జరిగిందో ఆమెకు తెలిసినంతగా ఇంకెవరికీ తెలియదు, ఇప్పటివరకు ఆమెను సానుభూతితో అడిగినవారూ ఉండి ఉండరు.

‘డాక్టర్ల పని’ అన్న ఇంట్లో వాళ్లకు అమెరికాలోని మిషిగన్ రాష్ట్రం సంగతి చెప్పండి. పీటర్ ప్రొనోవోస్ట్ అనే డాక్టరు బృందం అక్కడి ఐసీయూల్లో, పెద్ద రక్తనాళంలోకి కాథెటర్ (సన్నని గొట్టం) వేసేటప్పుడు పాటించాల్సినవి ఐదే ఐదు ఎంచింది. చేతులు కడుక్కోవడం, చర్మాన్ని క్లోర్‌హెక్సిడిన్ అనే క్రిమిసంహారక మందుతో శుభ్రం చేయడం, అవసరం తీరిన కాథెటర్ తీసేయడం వంటివే అన్నీ. డాక్టరు ఏ మెట్టయినా దాటవేస్తే ఆపే అధికారం నర్సుకు ఇచ్చారు. వెయ్యి కాథెటర్ రోజులకు (ఒక రోగికి ఒక రోజు కాథెటర్ ఉంటే ఒక కాథెటర్ రోజు) 2.7గా ఉన్న ఇన్‌ఫెక్షన్ల మధ్యస్థ రేటు మూడు నెలల్లో సున్నాకు వచ్చింది. 2006లో అచ్చయిన ఫలితం ఇది. క్రిమియా యుద్ధంలో గాయాలకన్నా రోగాలతోనే ఎక్కువమంది సైనికులు పోయారని 1858లో పటాలు గీసి చూపించిన ఫ్లోరెన్స్ నైటింగేల్ మీ వృత్తి మనిషే కదా.

చదువుకు దూరం వెళ్లనక్కరలేదు. ఐసీఎంఆర్ (భారత వైద్య పరిశోధన మండలి) వారి జాతీయ ఎపిడెమియాలజీ సంస్థ (రోగాల వ్యాప్తిని అధ్యయనం చేసేది) మీ పక్కనే అయపాక్కంలో ఉంది. అక్కడ పబ్లిక్ హెల్త్‌లో మాస్టర్స్ ఉంది, అర్హతలు ఆ ఏటి ప్రకటనలో చూడండి. ఏ కోర్సు చేసినా గణాంక శాస్త్రాన్ని తప్పించుకోకండి. ఆసుపత్రుల్లో క్వాలిటీ విభాగం ఉద్యోగాలూ ఉన్నాయి. వాటిలో ఆసుపత్రులకు నాణ్యత గుర్తింపు ఇచ్చే ఎన్‌ఏబీహెచ్ సంస్థ తనిఖీకి ఫైళ్లు సిద్ధం చేయడానికే చాలా సమయం పోతుంది. పరిశోధన ప్రాజెక్టుల్లో ఉద్యోగాలు చాలావరకు కాంట్రాక్టువే, ప్రాజెక్టు ముగిస్తే మళ్లీ వెతుక్కోవాలి. అందుకే ఇప్పుడే రాజీనామా చేయకండి. ఈ లెక్క ముందు పూర్తి చేసి రాయండి, నేను చదువుతాను.

ప్రశ్న: నాన్నగారికి మోకాలి ఆపరేషన్ చేయించడానికి కావలి నుంచి చెన్నై తీసుకొస్తున్నాం. మేము ఏం చూసుకోవాలి?
– ఒక పాఠకుడు, పెరంబూరు

జవాబు: ఆయన వాడే మందులన్నీ స్ట్రిప్పులతో సహా తెండి బాబూ, నాటు మందులు కూడా. రక్తం పలచబడే మాత్రలుంటే ముందే చెప్పండి. ఏ మోకాలో ఆయన మెలకువగా ఉండగానే గుర్తు పెట్టించండి. ప్రపంచ ఆరోగ్య సంస్థ 2008లో తెచ్చిన సర్జరీ చెక్‌లిస్టు వాడతారా అని అడగడానికి మొహమాటపడకండి. ఢిల్లీతో సహా ఎనిమిది నగరాల ఆసుపత్రుల్లో దాన్ని పరీక్షిస్తే మరణాలు 1.5 శాతం నుంచి 0.8 శాతానికి తగ్గాయి. డిశ్చార్జి రోజున తెలుగు వచ్చిన నర్సును పిలవమని అడగండి. ఏ మాత్ర ఎప్పుడు వేసుకోవాలో నాన్నగారి చేతే తిరిగి చెప్పించండి. ఆయన తడబడితే, ఆసుపత్రి వదలక ముందే మరోసారి చెప్పమనండి.