పెళ్లి పనుల్లో టెన్షన్ పడకుండా: మేనకోడలికి అత్త ఉత్తరం

చి.ల.సౌ. మేనకోడలికి అత్త ఆశీస్సులు.

మొన్న ఫోన్‌లో ఆఫీసు పని, మండపం, బ్లౌజులు, మీ అమ్మ అలక అన్నీ ఒక్క ఊపిరిలో చెప్పేశావు. ఇద్దరు ఆడపిల్లల పెళ్లిళ్లు, ఒక మగపిల్లాడి పెళ్లి చేసినదాన్ని. రెండు వైపులా నిలబడి చూశాను కాబట్టి చెప్తున్నాను. పని ఎక్కువై వచ్చే టెన్షన్ రాత్రి నిద్రపోతే పోతుంది. తేల్చకుండా నానబెట్టిన మాటలవల్ల వచ్చేదే నిద్ర పట్టనివ్వదు.

ముందు డబ్బు. మీ నాన్న "ఎంతైనా ఫర్వాలేదమ్మా" అంటాడు. మా అన్నయ్య సంగతి నాకు తెలియదా! ఆ మాట వెనక అంకె ఉండదు. పక్కన కూర్చుని అంకె చెప్పించు. అందులో పదో వంతు తీసి దాచిపెట్టు, దాచినట్టు ఎవరికీ చెప్పకు. చివరి వారంలో అక్కరకొస్తుంది. బంగారం మాట వస్తే గ్రాముల్లోనే మాట్లాడండి. మీ బామ్మ లెక్కలో తులం అంటే 11.66 గ్రాములు, కొట్లో ఇప్పుడు 10 గ్రాములే. ఆ తేడా దగ్గరే మాటా మాటా పెరిగిన ఇళ్లు చూశాను.

లాంఛనాలు తాంబూలాల రోజే తేల్చుకోవాలి. ఎవరెవరికి బట్టలు, విడిది ఖర్చు ఎవరిది, రిసెప్షన్ ఎవరు చేస్తారు, అటువైపునుంచి ఎంతమంది వస్తారు, ఇవన్నీ ఒక కాగితం మీద రాసి రెండిళ్లలో చెరొకటి ఉంచుకోండి. "వాళ్లేమనుకుంటారో" అని ఇప్పుడు మొహమాటపడితే, రేపు పీటల మీద కూర్చున్నాక మొహాలు మాడతాయి. కట్నం మాట ఎత్తితే మాత్రం అది వేరే సంగతి. ఇవ్వడమూ తీసుకోవడమూ 1961 నుంచి నేరమే. అక్కడ ప్రశాంతంగా ఉండమని నేను చెప్పను.

మీది మాఘమాసంలో పెళ్లి. పుష్యం శూన్యమాసమని అందరూ ఆగి, మాఘం రాగానే ఒక్కసారిగా మొదలుపెడతారు. ఊరంతటికీ అవే ముహూర్తాలు. అందుకే మండపం, పంతులుగారు, వంటవాళ్లు, సన్నాయి మేళం, ఈ నలుగురి సంగతి ముందు చూడండి. పూల డెకరేషన్, రిటర్న్ గిఫ్టులు తర్వాత చూసుకోవచ్చు, లేకపోయినా పెళ్లి ఆగదు. మండపానికి అడ్వాన్సు ఇచ్చేటప్పుడు ఏ పూటనుంచి ఏ పూటదాకా మనదో, జనరేటర్ డీజిలూ కరెంటూ క్లీనింగూ అందులోనే కలిశాయో లేదో రశీదు మీద రాయించుకో. నోటిమాటగా "అంతా మేం చూసుకుంటాం" అనేవాళ్లే ఖాళీ చేసేటప్పుడు బిల్లు పట్టుకొస్తారు.

వంటలకు ముప్పై రకాలు పెట్టించాలని మీ అమ్మ సరదా. పెట్టించండి, కాదనను. చివరికి అందరూ ముద్దపప్పు, ఆవకాయ, పెరుగు ఎక్కడ అనే వెతుక్కుంటారు. కేటరర్ ప్లేట్ల లెక్క చెప్తాడు కదా, అది లెక్కపెట్టడానికి మనవాడొకణ్ణి అక్కడ ఉంచు.

పిలుపుల దగ్గర మాత్రం జాగ్రత్త. ఎక్కువమంది అలిగేది అక్కడే. నీ స్నేహితులకు వాట్సాప్‌లో శుభలేఖ పంపితే చాలు. మీ తాతగారి తరం వాళ్లకు ఇంటికెళ్లి బొట్టుపెట్టి పిలిస్తేనే పిలుపు. ఎవరింటికి వెళ్లాలి, ఎవరికి ఫోన్ చేయాలి అని మీ అమ్మతో ఒక లిస్టు రాయించు. వేరే పని ముట్టుకోకుండా ముందు అది పూర్తి చేయనివ్వు. మీ అమ్మ అలక సగం దానితోనే తీరుతుంది, తన మాటకు విలువ ఇచ్చారని. విడిదిలో మగపెళ్లివారి దగ్గర ఓపికగల మనిషి ఒకరు ఉండాలి. తెల్లారగానే వేడినీళ్లు, కాఫీ, టిఫిన్ వేళకు అందితే వియ్యాలవారు మిగతావి పెద్దగా పట్టించుకోరు. మీ చిన్న మామయ్యకు అప్పజెప్పు. ఆయనకు కోపం రాదు, వచ్చినా ఎవరికీ తెలియదు.

ఫ్యామిలీ గ్రూపులో చీర రంగు మీద ఓటింగ్ పెట్టావట. ఇంకెప్పుడూ పెట్టకు. అడిగితే సలహా ఇవ్వనివారు మన వంశంలో లేరు. చీరలు నువ్వూ మీ అమ్మా చూసుకోండి, డబ్బు చెల్లింపులు మీ నాన్న, మనుషుల సంగతి మామయ్య. ఒకరి పని మీద ఇంకొకరు తీర్పు చెప్పకూడదు. మగ్గం వర్క్ బ్లౌజులు పెళ్లికి నెల ముందే చేతికి రావాలి. వచ్చిన రోజే వేసుకుని చేతులెత్తి చూసుకో. తలంబ్రాలు పోసేటప్పుడు చంకలో పట్టేసిందంటే చేసేదేం ఉండదు.

ముహూర్తం రాత్రి రెండు దాటాక కదా. ఆ మధ్యాహ్నం గది తలుపేసుకుని పడుకో, ఫోన్ మీ చెల్లికిచ్చెయ్. గౌరీపూజ అయ్యేదాకా ఏమేం తినొచ్చో పంతులుగారిని ముందే అడుగు. పాలు, పళ్లు, కొబ్బరినీళ్లు చాలామంది వద్దనరు. ఖాళీ కడుపుతో, మేకప్‌తో, లైట్ల ముందు అన్ని గంటలు కూర్చుంటే కళ్లు తిరుగుతాయి. ఆ రాత్రి గడియారం చూసి చేయాల్సింది జీలకర్ర బెల్లం ఒక్కటే. ఊరేగింపు ఆలస్యమైనా, దండలు చిన్నవైనా కంగారు పడకు. "ఇంకోసారి అలా పెట్టండి మేడమ్" అని ఫొటోగ్రాఫర్ ముహూర్తాన్ని ఆపకుండా పంతులుగారి పక్కన మీ నాన్నను నిలబడమను.

రిజిస్ట్రేషన్‌కు పనికొస్తుంది, ఒక శుభలేఖ దాచిపెట్టుకో. అందులో మీ ఇద్దరి పేర్ల స్పెల్లింగు పాస్‌పోర్టులో ఉన్నట్టే ఉందో లేదో అచ్చుకు ఇచ్చేముందు చూడు. ప్రూఫ్ నాకూ పంపు, తిథి వారం నేను సరిచూస్తాను.

మీ అత్త