రష్యన్ సాహిత్యం కూడు పెడుతుందా?

ప్రశ్న: మా అమ్మాయి డిగ్రీ రెండో సంవత్సరం, ఇంగ్లీషు సాహిత్యం చదువుతోంది. దోస్తోయెవ్‌స్కీ నవలలు చదివినప్పటి నుంచి రష్యన్ నేర్చుకుంటానంటోంది. ఆ సాహిత్యాన్ని ఇంగ్లీషు పాఠకులకు పరిచయం చేయడమే తన వృత్తి అట. బి.ఎడ్. చేయమంటే వినడం లేదు. నన్నేం చేయమంటారు?
– ఒక తండ్రి, గుంటూరు

జవాబు: ఆమె చదివిన నవలలో అనువాదకుల పేరు చూడమనండి. పాత అనువాదమైతే కాన్‌స్టన్స్ గార్నెట్ అని ఉండవచ్చు. కేంబ్రిడ్జిలో లాటిన్, గ్రీకు చదివి, లండన్‌లో లైబ్రేరియన్‌గా పనిచేసిన ఆవిడ రష్యన్ మొదలుపెట్టింది దాదాపు ముప్పై ఏళ్ల వయసులో, కడుపుతో ఉన్న రోజుల్లో. వ్యాకరణ పుస్తకం, నిఘంటువు చేతికిచ్చి ప్రోత్సహించినవాడు వోల్హోవ్‌స్కీ అనే ప్రవాస విప్లవకారుడు. ఆ తరువాత సుమారు 70 సంపుటాలు ఇంగ్లీషులోకి తెచ్చారు. టాల్‌స్టాయ్ ‘యుద్ధము–శాంతి’ పూర్తయ్యేసరికి చూపు దెబ్బతింది. ఆపైన ఎవరైనా రష్యన్ చదివి వినిపిస్తుంటే ఆవిడ ఇంగ్లీషు చెప్పి రాయించేవారు. ఇంత చేసినా, రష్యాలో పుట్టి ఇంగ్లీషులోనూ రాసిన నవలాకారుడు నబకోవ్ ఆమె అనువాదాలను తీసిపారేశాడు. ఈ వృత్తిలో మెప్పు కూడా అరువు బేరమే. భర్త ఎడ్వర్డ్ ప్రచురణ సంస్థలకు రాతప్రతులు చదివిపెట్టే ఉద్యోగి. ఇంట్లో మరో సంపాదన ఉండేదన్న మాట.

మీకు అసలు చెప్పదలచుకున్నది జోసెఫ్ ఫ్రాంక్ గురించి. ఈ అమెరికన్‌కు బి.ఏ. పట్టా లేదు. వాషింగ్టన్‌లో కొన్నేళ్లు పాత్రికేయుడు. అస్తిత్వవాదం అనే తాత్విక ధోరణి మీద ఉపన్యాసానికి సిద్ధమవుతూ దోస్తోయెవ్‌స్కీలో పడ్డాడు. మూలం చదవాలని భాష నేర్చుకున్నాడు. 1960లో షికాగోలో డాక్టరేట్, తరువాత ప్రిన్స్‌టన్‌లో, స్టాన్‌ఫర్డ్‌లో అధ్యాపకత్వం. ఆయన రాసిన దోస్తోయెవ్‌స్కీ జీవితచరిత్ర మొదటి సంపుటం 1976లో వచ్చింది, అయిదోది 2002లో. అప్పటికి ఆయన వయసు ఎనభై దాటింది! ఇల్లు గడిచింది పాఠాలు చెప్పినందుకు వచ్చిన జీతంతో. పుస్తకం దాని పక్కనే పెరిగింది.

కాబట్టి మీ అమ్మాయికి ఆలస్యమేమీ కాలేదు, తొందరా అక్కరలేదు. కానీ సాహిత్య అనువాదం మీదే బతుకుతానంటే నేను ఒప్పుకోను. పైగా ఇంకో చిక్కుంది: అనువాదం నిలబడేది చేరే భాషలో. ఇంగ్లీషు ప్రచురణకర్తలు ఇంగ్లీషు మాతృభాష అయినవారివైపే మొగ్గుతారు. రష్యన్ ఎంత వచ్చినా ఆమె ఇంగ్లీషు వచనం పదునుగా లేకపోతే ఈ దారి సాగదు.

హైదరాబాద్ ఇఫ్లూలో (ఇంగ్లీషు, విదేశీ భాషల విశ్వవిద్యాలయం), ఢిల్లీ జేఎన్‌యూలో రష్యన్ విభాగాలున్నాయి. ఎం.ఏ. రష్యన్‌కు మామూలుగా ముందే ఆ భాష కొంత వచ్చి ఉండాలి. అందుకని డిగ్రీ చదువుతూనే ప్రాథమిక కోర్సు ఒకటి మొదలుపెట్టమనండి. ఆరు విభక్తులని భయపెడతారు. తెలుగు పిల్లకు విభక్తి కొత్తా! కష్టమంతా క్రియలతోనే: పని జరుగుతూ ఉందా, ముగిసిందా అన్నదాన్ని బట్టి క్రియే మారిపోతుంది. అది పట్టుబడటానికి ఏళ్లు పడుతుంది.

భాష వచ్చాక కూటికి వేరే దారులున్నాయి. హైదరాబాద్ మందుల కంపెనీలు రష్యాకు ఎగుమతి చేస్తాయి, వాటి పత్రాలు అనువదించాలి. కూడంకుళం అణు విద్యుత్ కేంద్రం లాంటి రష్యా సహకారంతో నడిచే పనులకు దుబాసీలు కావాలి. కవిత్వం ఉండదు, నెల తిరిగేసరికి డబ్బు ఉంటుంది. బి.ఎడ్. విషయంలో మీరు పట్టు సడలించండి, ఎం.ఏ. తరువాత నెట్ (కాలేజీ అధ్యాపకుల అర్హత పరీక్ష) రాసి అధ్యాపకురాలు కావడం ఈ అభిరుచికి దగ్గర దారి.

మీ తరంలో విశాలాంధ్ర దుకాణాల్లో చౌకగా దొరికిన రష్యన్ పుస్తకాలు మీరూ చదివే ఉంటారు. వాటిని తెలుగు చేయడానికి ఉప్పల లక్ష్మణరావు లాంటివారు మాస్కో వెళ్లి కాపురమున్నారు. ఆ సంగతి అమ్మాయికి చెప్పండి, మీరు శత్రువు కాదని తెలుస్తుంది.

ఇక ఈ వేసవికి ఒక పని ఇవ్వండి. చెహోవ్ కథ ఒకటి తీసుకుని, గార్నెట్ అనువాదాన్నీ ఇటీవలి అనువాదాన్నీ పేరా పేరా పక్కన పెట్టి చూడమనండి. ఎక్కడ తేడా వచ్చింది, ఎందుకొచ్చి ఉంటుంది అని నోటుబుక్కులో రాయాలి. రెండో పేజీకే విసుగొస్తే దోస్తోయెవ్‌స్కీని హాయిగా చదువుకోనివ్వండి. నోటుబుక్కు నిండితే, కోర్సు ఫీజు కట్టేసి నాకు మళ్లీ ఉత్తరం రాయండి.