మామిడిలో ఎండుతెగులు కాదు, బదనిక

ప్రశ్న: మా 20 ఏళ్ల బంగినపల్లి తోటలో కొమ్మల చివర్లు ఎండిపోతున్నాయి. ఎండుతెగులనుకుని తెగుళ్ల మందు కార్బెండాజిమ్ రెండుసార్లు కొట్టినా తగ్గలేదు. కొన్ని కొమ్మలకు వేరే రకం మందపాటి ఆకులు వస్తున్నాయి. దుకాణంలో 2,4-డి కొట్టమంటున్నారు. కొట్టవచ్చా? ఫొటోలు పంపాను.
– ఒక రైతు, నూజివీడు

జవాబు: కొట్టవద్దు. 2,4-డి వెడల్పాకు మొక్కలను చంపే కలుపు మందు. మామిడిదీ వెడల్పాకేనని ఆ సలహా ఇచ్చినవారికి తట్టలేదా? కార్బెండాజిమ్ ఖర్చు కూడా వృథాయే. ఆకు పట్టి చూడకుండా డబ్బా చేతికిచ్చే దుకాణం మాట మీద పిచికారీ చేయకండి.

ఫొటోల్లో ఉన్నది బదనిక, అంటే వేరే చెట్టు మీద మొలిచి దాని మీదే బతికే మొక్క. ఆ మందపాటి ఆకులు మామిడివి కావు. బదనిక కొమ్మకు పట్టి బుడిపెలా ఉబ్బిన చోట దాని వేళ్లు చెట్టులోకి దిగి నీళ్లు, పోషకాలు లాగేస్తాయి. అందుకే ఆపై కొమ్మ ఎండుతోంది. దాని పండు నొక్కి చూడండి, గింజ జిగురుతో వేలికి అతుక్కుంటుంది. పండు తిన్న చిన్న పిట్టల రెట్టతో పడి కొమ్మకూ అలాగే అంటుకుని మొలుస్తుంది.

చేత్తో పీకితే లాభం లేదు, లోపల మిగిలిన వేరు మళ్లీ చిగురిస్తుంది. కోత ముగిశాక, జూన్-జూలైలో వాన లేని రోజు చూసి, బుడిపెకు ఒక అడుగు కింద, అంటే చెట్టు మొదలు వైపు, కొమ్మను రంపంతో కోసేయండి. బదనిక కాయలు పండే దశలో కనిపిస్తే మాత్రం జూన్ దాకా ఆగకండి, వెంటనే తీసేయాలి. మాను మీద పట్టినచోట కొమ్మ కోయలేం కాబట్టి బెరడు కింద పాకిన వేళ్లదాకా ఉలితో చెక్కాలి.

కోసిన, చెక్కిన ప్రతిచోటా అదే రోజు బోర్డోపేస్టు పూయండి. మైలుతుత్తం 1 కిలో 5 లీటర్లలో, పొడి సున్నం 1 కిలో మరో 5 లీటర్లలో విడివిడిగా కరిగించి, మూడో ప్లాస్టిక్ తొట్టిలో కలపాలి. ఇనుప పాత్ర వాడవద్దు. కలిపినది మర్నాటికి దాచవద్దు. కత్తిరింపులయ్యాక కాపర్ ఆక్సీక్లోరైడ్ లీటరుకు 3 గ్రా. చొప్పున ఒక్కసారి కొట్టండి, చాలు.

మూడు నెలలకోసారి తోటంతా తిరిగి చూడండి. నారింజ రంగు గొట్టపు పూలు కనిపిస్తే అది బదనికే. గట్ల మీది వేప, కానుగ చెట్లనూ వదలకండి. వాటి మీద ఉంటే పిట్టలు మళ్లీ మీ మామిడికే తెస్తాయి.