మామ్మ పోలిక ఎందుకు రావడం లేదు?

ప్రశ్న: మా మామ్మ బొమ్మ ఆయిల్ రంగుల్లో వేస్తున్నాను. కళ్లు, ముక్కు, నోరు దేనికది బాగానే కుదిరాయి. కానీ ఇంట్లో ఎవరూ గుర్తుపట్టడం లేదు. ఒంటిరంగు కూడా బూడిద పూసినట్టు వస్తోంది. తప్పెక్కడ?
– ఒక పాఠకురాలు, అమలాపురం

జవాబు: దేనికది చూసుకోవడంలోనే ఉంది చిక్కు. కంటికీ కనుబొమకీ, ముక్కుకీ పైపెదవికీ మధ్య ఎడం నూలు వాసి తప్పినా మనిషి మారిపోతుంది. నడినెత్తి నుంచి గడ్డం దాకా కొలిస్తే కళ్లు ఇంచుమించు సగంలో పడతాయి. అందరికీ ఇదే లెక్క కాబట్టి దీంతో తల కుదురుతుందే గానీ మామ్మ రాదు. ఆవిడ ఉండేది తేడాల్లో: ఏ కనుబొమ రవ్వంత ఎత్తు, పళ్లూడిన పక్క పెదవి ఎంత లోపలికి పోయింది, దిద్దుల బరువుకి చెవితమ్మె ఎంత సాగింది. మన చెయ్యి తెలియకుండానే రెండు పక్కలా సమానం చేసేస్తుంది. ముసలి ముఖానికి అంతకన్నా అన్యాయం లేదు. బొమ్మను అద్దంలో చూడండి, తప్పిన వాలు ఇట్టే పట్టుబడుతుంది.

ముడతలతో మొదలుపెట్టకండి. కళ్లు సగం మూసి చూస్తే ముఖం వెలుగు, నీడ అని రెండు ముక్కలవుతుంది. ముదురు గోధుమరంగు బర్ంట్ అంబర్‌ను టర్పెంటైన్‌తో పలచన చేసి ముందు ఆ నీడను పరవండి. అక్కడే పోలిక కనబడకపోతే పై రంగులు కాపాడలేవు.

బూడిద రంగుకి కారణం తెలుపు. వెలుగు కావాల్సినప్పుడల్లా టైటానియం వైట్ కలిపితే చామనఛాయ పాలిపోతుంది. బర్ంట్ సియెన్నా (ఎర్ర గోధుమ), ఎల్లో ఓకర్ (మట్టి పసుపు) మూలరంగులుగా పెట్టుకోండి. వెలుగుకి ముందు ఓకర్ పెంచండి, నీడకి నలుపు బదులు చిటికెడు అల్ట్రామెరీన్ నీలం చాలు. తెలుపును నుదుటి మెరుపుకీ ముక్కు కొనకీ దాచుకోండి.

వీలైతే రాజమహేంద్రవరంలో చిత్రకారుడు దామెర్ల రామారావు (1897–1925) చిత్రశాలకి వెళ్లి, ఒక్కో ముఖం ముందు కాసేపు నిలబడి చూడండి.

ప్రశ్న: వానాకాలంలో రంగు వారాల తరబడి ఆరడం లేదు.
– ఒక పాఠకుడు, భీమవరం

జవాబు: ఆయిల్ రంగు నీళ్లలా ఆవిరై ఆరదు. నూనె గాలిలోని ఆక్సిజన్ పీల్చుకుని గట్టిపడుతుంది. చెమ్మకి, చల్లదనానికి ఆ పని మందగిస్తుంది. అలిజరిన్ క్రిమ్సన్ అనే ముదురు ఎరుపు మామూలుగానే ఆలస్యం, అంబర్ త్వరగా ఆరుతుంది. అందుకే అడుగు పొర అంబర్‌తో, లిన్‌సీడ్ నూనె కలపకుండా వేయండి. నూనె పై పొరల్లో పెంచండి. ఇది తిరగబడితే పైది ముందు బిగిసి, కింది పొర కదిలినప్పుడు పగులుతుంది. బొమ్మను చెమ్మగోడకి ఆనించకండి, వెనక బూజు పడుతుంది.