సంగీతశాస్త్రం చదివి, బృందగానం నడిపించే జీవితం ఎలా ఉంటుంది?

ఇంటర్ చదువుతున్న మీ అమ్మాయి యూనివర్సిటీలో సంగీతం మీద పరిశోధన చేస్తానంటోంది, బృందగానాలు కూడా నడిపిస్తానంటోంది, కడపలో ఉండి ఆ దారి పట్టొచ్చా అని అడిగారు. నేను కడపలోనే పుట్టి పెరిగాను. తిరుపతి పద్మావతి మహిళా విశ్వవిద్యాలయంలో ఎం.ఏ. సంగీతం చదివాను. ఇప్పుడు పాఠం చెబుతూ, పిల్లలూ పెద్దలూ కలిసిన ఒక బృందం చేత పాడిస్తున్నాను.

పరిశోధన వేరు, పాడించడం వేరు అని చాలామంది అనుకుంటారు. నాకు అవి రెండూ ఒకటే పని. మాకు శాస్త్రం చెప్పిన మేడం పొద్దున లైబ్రరీలో ఒకే కీర్తనకు వేరువేరు పుస్తకాల్లో ఉన్న రూపాలు ముందేసుకుని కూర్చునేవారు. సాయంత్రం అదే కీర్తన మా చేత పాడించేవారు. ఒక పుస్తకంలో ఉన్న సంగతి, అంటే ఒకే పాదాన్ని మార్చి మార్చి పాడే తీరు, ఇంకో పుస్తకంలో ఉండదు. ఒక్కరే పాడేటప్పుడు గురువు చెప్పినట్టు పాడేసుకోవచ్చు. ముప్పైమంది ఒక్క గొంతుగా పాడాలంటే మాత్రం ఏది పాడాలో ఎవరో ఒకరు తేల్చాలి, ఎందుకలా తేల్చారో చెప్పగలగాలి. అక్కడే శాస్త్రం అక్కరకొస్తుంది.

ఇందుకు మన సీమలోనే గొప్ప ఉదాహరణ ఉంది. అనంతపురం జిల్లా రాళ్ళపల్లిలో 1893లో పుట్టిన రాళ్ళపల్లి అనంతకృష్ణశర్మగారు మైసూరు మహారాజా కళాశాలలో 1912 నుంచి 1949 వరకు తెలుగు చెప్పారు. తర్వాత తిరుపతి వచ్చి అన్నమయ్య కీర్తనల పరిష్కరణలో కూర్చున్నారు. ఆ కీర్తనలు చెక్కిన రాగిరేకుల మీద సాహిత్యం ఉంది, రాగం పేరు ఉంది, స్వరం లేదు. ఆయన వందకు పైగా కీర్తనలకు స్వరం కట్టారు. 1974లో మద్రాస్ మ్యూజిక్ అకాడమీ ఇచ్చే సంగీత కళానిధి బిరుదు అందుకున్నారు. ఆయన బృందాలు నడిపిన మనిషి కాకపోవచ్చు. కానీ తాళ్ళపాకలో అన్నమయ్య జయంతికి గోష్ఠిగానంలో కూర్చుని వందలమందితో గొంతు కలిపినప్పుడల్లా, ఇలాంటి పండితులు ముందుగా కష్టపడకపోతే మనకు కలిసి పాడుకోవడానికి ఏం మిగిలేదని నాకు అనిపిస్తుంది.

అమెరికాలో ఈ రెండు పనులూ ఒకే మనిషి చేయడం మామూలే. హార్వర్డ్ యూనివర్సిటీలో ఆర్చిబాల్డ్ డేవిసన్ 1912 నుంచి 1933 దాకా విద్యార్థుల గాయకబృందాన్ని నడిపారు. కాలేజీ సరదా పాటలు పాడుకునే కుర్రాళ్ళ చేత పాలస్ట్రీనా, బాఖ్ లాంటి పాతకాలపు యూరప్ స్వరకర్తల రచనలు పాడించారు. విల్లీ ఆపెల్ అనే సంగీత పండితుడితో కలిసి పాత సంగీతాన్ని సంకలనం చేసి ప్రచురించారు కూడా. మన పక్కన చూస్తే, 1925లో చిత్తూరులో పుట్టిన ఎం.బి. శ్రీనివాసన్ గారు యూనివర్సిటీ ఉద్యోగి కాదు, సినిమా సంగీత దర్శకుడు. అయినా మద్రాస్ యూత్ క్వయర్ అనే గాయకబృందం పెట్టి ఎన్నో భాషల్లో బృందగానం చేయించారు.

ఇక అసలు కష్టం శ్రుతితో, అంటే పాటకు ఆధారంగా పెట్టుకునే స్వరం ఎత్తుతో. హార్మోనియం మెట్ల లెక్కలో మగవాళ్ళకు ఒకటి నుంచి రెండు, ఆడవాళ్ళకు ఐదు, ఐదున్నర శ్రుతి సుఖం. అందరినీ ఒకే శ్రుతిలో కూర్చోబెడితే ఎవరో ఒకరు పైస్థాయిలో అరుస్తారు, లేదా కిందిస్థాయిలో గొంతు మింగుతారు. అందుకే నేను కొన్ని పాదాలు ఆడవాళ్ళకు, కొన్ని మగవాళ్ళకు పంచి, పల్లవి దగ్గర కలుపుతాను. గమకం, అంటే స్వరాన్ని ఊపి పలికించడం, ఇంకా పెద్ద తలనొప్పి. తోడి రాగంలో గాంధార స్వరాన్ని పదిమంది పదిరకాలుగా ఊపితే రాగమే మసకబారుతుంది. ఎంత ఊపు, ఎక్కడ ఆపు అన్నది ముందే స్వరం రాసి ఇవ్వాలి. ఊపిరి కూడా అంతే. మాట మధ్యలో అందరూ ఒకేసారి గాలి పీలిస్తే సాహిత్యం ముక్కలైపోతుంది.

ఉద్యోగం సంగతి ఉన్నదున్నట్టు చెబుతాను. పోస్టులు తక్కువ. ఎం.ఏ. తర్వాత నెట్ (కాలేజీల్లో పాఠం చెప్పడానికి రాసే అర్హత పరీక్ష) లేదా పీహెచ్‌డీ కావాలి, దాంతోపాటు కచేరీ అనుభవం ఉంటే మంచిది. టెన్షన్ పడకండి, ఈలోగా కర్నూలు శారదా సంగీత కళాశాల లాంటి చోట సర్టిఫికెట్, డిప్లొమా చేయొచ్చు, ఆకాశవాణి ఆడిషన్‌కు కూర్చోవచ్చు.

పరిశోధనకు విషయం కోసం దూరం వెళ్ళక్కర్లేదు. మన ఊళ్ళ చెక్కభజనలో ఒకరు పాదం అందిస్తే మిగిలినవాళ్ళు అడుగు వేస్తూ అందుకుంటారు. అది పచ్చి బృందగానం. దాని తాళాలను స్వరంతో సహా రాసిపెట్టే పని చాలా ఉంది. చర్చిల్లో పాడే తెలుగు కీర్తనలు చూడండి. పురుషోత్తమ చౌధరి (1803–1890) వంటివారు రాసిన వాటికి పైన రాగం, తాళం అచ్చయి ఉంటాయి. మీది ఏ మతమైనా సరే, ఒక ఆదివారం మీ అమ్మాయిని క్వయర్ దగ్గర కూర్చోనివ్వండి.

అన్నిటికంటే ముందు ఈ సెలవుల్లో వీధిలో పిల్లల్ని పోగేసి, తాళం వేస్తూ ఒక పాట నేర్పమనండి. పాట అయ్యాక ఎవరు, ఎక్కడ శ్రుతి జారారో తను విని చెప్పగలిగితే ఇక్కడ మళ్ళీ రాయండి, డిగ్రీలో ఏ గ్రూపు తీసుకోవాలో అప్పుడు మాట్లాడుకుందాం.