సిరిమాను తిరిగే దారిలో నడిపించు

ఒరే అల్లుడూ,

నీ మెసేజీ చూశాను. హైదరాబాదు నుంచి పన్నెండు మంది వస్తున్నారు, ఆదివారం పొద్దున్న విజయనగరం పాతూరు నడిపించి చూపించాలి, ఎక్కడ మొదలెట్టాలి మావయ్యా అన్నావు. దాంతోపాటు నువ్వు రాసుకున్న లిస్టు కూడా చూశాను. కోట, కోనేళ్లు, కాలేజీలు, గుళ్లు అన్నీ ఉన్నాయి. ఆఖర్న రామతీర్థం కూడా పెట్టావు. అది పది కిలోమీటర్ల పైమాటే, వాళ్లని నడిపించే తీసుకెళ్తావా ఏమిటి?

ఆ లిస్టు పక్కన పడెయ్. నీకు కావలసింది చోట్లు కాదు, దారి. ఆ దారి మన ఊళ్లో ఎప్పట్నుంచో ఉంది. దసరా వెళ్లాక వచ్చే మంగళవారం మన ఊరి అమ్మవారు పైడితల్లమ్మ పండక్కి ఊరేగించే పెద్ద చింతమాను, అదే సిరిమాను, మూడు లాంతర్ల దగ్గర గుడి నుంచి కోట దాకా మూడుసార్లు తిరుగుతుంది కదా, ఆ దారినే పట్టుకో. ఊరు చూపించేవాళ్లందరూ కోటతో మొదలెడతారు. అలా చేస్తే తర్వాత చూసేదంతా రాజుగారి పెరడులా కనిపిస్తుంది. గుడి దగ్గర మొదలెట్టి కోటకు రా. అప్పుడు కోట కూడా ఊళ్లో ఒక వాకిలే అని వాళ్లకే తెలుస్తుంది.

కలుసుకోవడం మాత్రం గంటస్తంభం దగ్గర పెట్టు. ఎవరినడిగినా చూపిస్తారు, ఆటోవాళ్లకి వేరే చెప్పక్కర్లేదు. ఆరుంబావుకి రమ్మంటే ఆరున్నరకు వస్తారు, అది లెక్కలో వేసుకో. ఎనిమిది పలకల స్తంభం, అరవై ఎనిమిది అడుగుల ఎత్తు. లండన్ గడియారాన్ని చూసి కట్టించారని చెప్పుకుంటారు. అక్కడ ఇంతకన్నా ఎక్కువ చెప్పకు. అందరూ వచ్చేదాకా పట్టుకుని నిలబెట్టే చోటు అది, అంతే. దుకాణాలు తెరవకముందు వెళ్లమనడానికి కారణం ట్రాఫిక్ ఒక్కటే కాదు. మన బజారులో కింది అంతస్తంతా ఫ్లెక్సీలూ బోర్డులే. పాత ఊరు పై అంతస్తులో ఉంది. తల ఎత్తి చూడమను. సున్నం గచ్చుతో చేసిన పువ్వులు, చెక్క బాల్కనీలు, అర్ధచంద్రం ఆకారంలో రంగు అద్దాల కిటికీలు ఇంకా అక్కడక్కడా మిగిలే ఉన్నాయి. పదింటికి వెళితే తల ఎత్తినవాణ్ణి మోటారుసైకిలు గుద్దేస్తుంది.

మూడు లాంతర్ల దగ్గర కాస్త ఎక్కువసేపు ఆగు. గుడిని చదురుగుడి అంటారనీ, అమ్మవారు మొదట వెలిసిన వనంగుడి రైల్వే స్టేషన్ దగ్గరుందనీ చెప్పు. తర్వాత కథ. 1757 జనవరి 24న బొబ్బిలి యుద్ధం జరిగింది. మన రాజు విజయరామరాజు ఫ్రెంచి సేనాని బుస్సీతో కలిసి బొబ్బిలి కోట మీదికి వెళ్లాడు. కోట పడింది. కానీ తాండ్ర పాపారాయుడు డేరాలోకి చొరబడి రాజును చంపేశాడు. ఇంతవరకూ చరిత్ర. ఇక్కడి నుంచి ఊరి నోటిమాట: రాజుగారి చెల్లెలు పైడిమాంబ యుద్ధం వద్దంది, అన్న చనిపోయాడని తెలిసి పెద్దచెరువు దగ్గర ప్రాణం విడిచింది, ఆ తర్వాత పతివాడ అప్పలనాయుడికి కలలో కనిపించి చెరువులో తన విగ్రహం ఉందని చెప్పింది, ఆమే ఈ పైడితల్లమ్మ. ఈ రెండిటినీ కలిపేసి ఒకే గొంతుతో చెప్పకు. చరిత్ర చెప్పేటప్పుడు తారీఖుతో చెప్పు. నోటిమాట చెప్పేటప్పుడు 'అంటారు' అని చేర్చు, కానీ మొహంలో వెటకారం రానివ్వకు. నీ వెనకాలే ఓ ముసలమ్మ పసుపూ కుంకుమా పట్టుకుని నిలబడి ఉంటుంది. ఆవిడకది కథ కాదు.

గుంపులో బొబ్బిలివాళ్లు ఎవరైనా ఉన్నారేమో ముందే అడుగు. నవ్వులాటకు అనడం లేదు. మనకు ఇక్కడ రాజుగారిని చంపినవాడు వాళ్లకు అక్కడ వీరుడు. విగ్రహాలు కట్టుకున్నారు, బుర్రకథలు చెప్పుకున్నారు. కోట మండుతుంటే అక్కడి ఆడవాళ్లూ పిల్లలూ ఏమయ్యారో కూడా చెప్పకపోతే ఆ కథ సగమే. ఎవరి పక్షమూ తీసుకోకు. బొబ్బిలాయన ఎవరైనా లేచి చెప్తానంటే రెండు నిమిషాలు ఆయనకే వదిలెయ్. నీకంటే బాగా చెప్తాడు.

అక్కణ్ణుంచి నడుస్తూ సిరిమాను గురించి చెప్పు. నిలబెట్టి చెప్పకు, నడుస్తూనే చెప్పాలి. యాభై అడుగుల పైచిలుకు చింతమాను. ఏ చెట్టన్నది అమ్మవారు పూజారికి కలలో చెబుతుందని నమ్మకం. ఆ మాను కొసన కుర్చీ కట్టి అందులో పూజారి కూర్చుంటాడు. ముందు బెస్తవారి వల, పాలధార, తెల్ల ఏనుగు, అంజలి రథం వెళ్తాయి. ముందురోజు సోమవారం తొలేళ్లు. రైతులు విత్తనాలు పుచ్చుకుని వెళ్లి పొలంలో చల్లుకుంటారు. ఇదంతా చెప్పి ఒకసారి ఆగి, మాను కొస ఎంత ఎత్తులో ఉంటుందో చేత్తో చూపించు. పైనున్న కరెంటు తీగలు చూడమను. ఆ రోజుకు వాటినేం చేస్తారో వాళ్లే అడుగుతారు. అడగడం మొదలెడితే సగం పని అయినట్టే.

కోట ముందుకు వచ్చాక బురుజు చూపించు. రాజుల కుటుంబం కూర్చుని ఉత్సవం చూసేది అక్కణ్ణుంచే. అమ్మవారు వాళ్ల ఆడపడుచు, అందుకే పుట్టింటిదాకా వచ్చి వెళుతుందని మన పెద్దవాళ్లు చెప్పేవారు. ఇప్పుడామె ఊరందరి ఆడపడుచు.

కోట దగ్గర అందరూ తడబడేది పేర్ల దగ్గర. పూసపాటి వంశంలో విజయరాముడి తర్వాత ఆనందుడు, మళ్లీ విజయరాముడు. ఒకటో, రెండో, మూడో అంటూ మొదలెట్టావంటే మూడో నిమిషానికి ఫోన్లు తీస్తారు. అంకెలు వదిలెయ్. చావుతో గుర్తుపెట్టు. '1757లో బొబ్బిలి దగ్గర చనిపోయిన రాజు', '1794లో పద్మనాభం దగ్గర ఈస్టిండియా కంపెనీవాళ్లతో పోరాడి చనిపోయిన రాజు', '1897లో పోయిన ఆనంద గజపతి', ఇలా. వినడానికి బాగోదేమో గానీ మర్చిపోరు.

కోట 1713లో మొదలైంది. అంతకుముందు వీళ్లుండేది కుమిలిలో. విజయ నామ సంవత్సరం, విజయదశమి, మంగళవారం, అంటే జయవారం, అన్నీ కలిసొచ్చేలా శంకుస్థాపన చేశారని చెప్తారు. సంవత్సరం మాత్రం నువ్వే లెక్కకట్టి చూపించవచ్చు. మొన్న 2013 ఉగాదికి వచ్చింది విజయ నామ సంవత్సరమే. అరవైలు అయిదు వెనక్కి వెళితే 1713. పిల్లలుంటే వాళ్లచేత లెక్క వేయించు, సంబరపడతారు. తర్వాత గోడ పక్కన నిలబెట్టి రాయి ముట్టుకోమను. చతురస్రం కోట, నాలుగు మూలలా నాలుగు బురుజులు, తూర్పున నగారాఖానా ఉన్న పెద్ద ద్వారం, పడమట చిన్నది. నగారా ఎందుకు మోగించేవారో చెప్పు, ద్వారం ఎంత లోతుగా ఉందో లోపలికి నడుస్తూ చూపించు. రాజుల వైభవం గురించి విశేషణాలు గుప్పించకు. మన దగ్గర గైడులందరికీ ఉన్న జబ్బు అది. ఒక మనిషి గోడకు ఆనుకుని నిలబడితే అదెంత ఎత్తో అర్థమవుతుంది, 'మహోన్నతమైన' అంటే ఏమీ అర్థం కాదు.

ఒక్క ముఖ్యమైన సంగతి. కోట లోపల ఉన్నవి కాలేజీలు. పి.వి.జి. రాజుగారు 1958లో మాన్సాస్ ట్రస్టు పెట్టి చదువుకే ఇచ్చేశారు. 1869లో కట్టిన మోతీమహల్ కూడా అక్కడే ఉండేది. కాబట్టి లోపలికి వెళ్లడానికి ముందుగా అడిగి, కుదిరితే కాగితం మీద పర్మిషన్ తీసుకో. గేటు దగ్గర వాచ్‌మెన్‌తో వాదన పెట్టుకునే గైడుకు ఆ తర్వాత ఎవరూ విలువివ్వరు. దొరక్కపోతే బయటి నుంచే చూపించు, ముందే ఆ మాట చెప్పేసెయ్. మీ నడకలో లోపలికి వెళ్లడం గ్యారంటీ అని మాటివ్వకు.

అక్కణ్ణుంచి గురజాడవారి ఇంటికి. కోటకు దగ్గరే. ఇక్కడ నీకొక ఇబ్బంది వస్తుంది. గుంపులో కనీసం ఒకాయన ఆయన దేశభక్తి గేయం మొత్తం అందుకుంటాడు. అడ్డుపడకు, ఒక చరణం అయ్యాక చప్పట్లు కొట్టి ముందుకు కదిలించు. నువ్వు చెప్పాల్సింది వేరే ఉంది. 'కన్యాశుల్కం' మొదటిసారి ఆడింది ఈ ఊళ్లోనే, 1892లో. అచ్చయింది 1897లో. మళ్లీ దాదాపు కొత్తగా తిరగరాసి వేసింది 1909లో. ఆ నాటకం తెర లేచేది కోట దగ్గరి బొంకులదిబ్బ మీదే. అంటే ఆయన ఎక్కడో ఊహించలేదు. తను రోజూ నడిచే వీధుల్లోనే గిరీశాన్ని నడిపించాడు. తన సంస్థానం ఉద్యోగం, తను పాఠం చెప్పిన మహారాజావారి కాలేజీ, ఆనంద గజపతి ఆదరణ, అన్నీ ఈ నాలుగు వీధుల మధ్యే. అప్పట్లో డబ్బుకు పసిపిల్లల్ని ముసలాళ్లకు కట్టబెట్టిన ఇళ్లు కూడా ఈ చుట్టుపక్కలవే. ఆ మాట దాటవెయ్యకు. పాత ఇళ్లు చూపించి 'ఆహా ఆ రోజులు' అనడం తేలిక. ఆ మండువా లోగిళ్లలో గుండు కొట్టించుకుని మూల కూర్చున్న పదేళ్ల పిల్ల కూడా ఉండేది.

లోగిళ్ల గురించే ఇంకో మాట. అరుగులున్న ఇళ్లు, పెంకుటిళ్లు, మండువాలు కనిపిస్తే వచ్చినవాళ్లు ఫోటోలకు ఎగబడతారు. అవి మ్యూజియాలు కావు, లోపల మనుషులు కాఫీ తాగుతుంటారు. ఒక్క ఇంటివాళ్లతో ముందే మాట్లాడి పెట్టుకో, ఆ ఒక్కటే లోపల చూపించు. మిగతావి వీధిలోంచే. వాకిట్లో ముగ్గు వేసే ఆవిణ్ణి అడక్కుండా ఫోటో తీసినవాడికి అక్కడే మర్యాదగా చెప్పు. అరుగు మీద కూర్చున్న తాతగారు 'అది కాదబ్బాయ్, నేను చెప్తా విను' అని నీకు అడ్డం వస్తే మాత్రం అదృష్టం అనుకో. చెప్పేది తప్పయినా విననీ. తర్వాత మలుపు తిరిగాక, ఆయన చెవిన పడనంత దూరంలో, సరిదిద్దు.

చివరిది సంగీత కళాశాల. 1919లో పెట్టారు. చూపులేని ఒక కుర్రాడికి సంగీతం నేర్పించాలన్న ఆలోచనే దీనికి మొదలు అని ఊళ్లో చెప్తారు. హరికథా పితామహుడు ఆదిభట్ల నారాయణదాసుగారు మొదటి ప్రిన్సిపాల్. ద్వారం వెంకటస్వామినాయుడుగారు మొదట వయొలిన్ గురువు, 1936 నుంచి ప్రిన్సిపాల్. సుశీలమ్మ చదివిందిక్కడే. కానీ ఈ పేర్లన్నీ చదివేసి వదిలేయకు. ఘంటసాల ఒక్కడి గురించి నింపాదిగా చెప్పు. చేతిలో చిల్లిగవ్వ లేకుండా వచ్చిన కుర్రాడు. పట్రాయని సీతారామశాస్త్రిగారు చేరదీసి పాఠం చెప్పారు. తిండికి జోలె కట్టుకుని ఇంటింటికీ మధుకరానికి వెళ్లేవాడు. అప్పటిదాకా వాళ్లు నడిచొచ్చిన వీధుల్ని, ఆ అరుగుల్ని గుర్తు చెయ్యి. ఏ ఇల్లో చెప్పలేం గానీ, ఈ ఊరి ఇల్లాళ్లు పెట్టిన ముద్దతో పెరిగిన గొంతు అది. ఇది చెప్పాక నువ్వు మాట్లాడకు. ఎవరో ఒకరు పాట అందుకుంటారు.

మామూలు రోజైతే లోపలి నుంచి సాధన వినిపిస్తుంది. ఆదివారం కాబట్టి ఆశ పెట్టుకోవద్దు. మళ్లీ ఇలాంటి నడక పెడితే శనివారం చూడు. మంగళవారం మాత్రం వద్దు, గుడి దగ్గర నిలబడ్డానికే చోటుండదు.

మిగిలినవి చిన్న చిన్నవి. పదిహేను మంది దాటితే గొంతు చాలదు, మైకు పెట్టుకుంటే వీధి నీ మీదికొస్తుంది, కాబట్టి దాటనివ్వకు. ఎండ వాళ్ల కళ్లల్లో పడకుండా నువ్వు ఎండకెదురుగా నిలబడు. పెద్దవాళ్లుంటే దారిలో బాత్రూం ఎక్కడుందో ముందే చూసి పెట్టుకో, దీనికి మొహమాటపడితే నడక మధ్యలో ఆగిపోతుంది. డబ్బులు తీసుకో, ఊరికే అంటే సగం మంది రారు. కానీ చీరల షాపుకో, స్వీట్ల షాపుకో తీసుకెళ్లి కమీషన్ పుచ్చుకోవడం మొదలెడితే ఇంక నాకు ఫోన్ చెయ్యకు.

రెండున్నర గంటలు దాటకూడదు. శనివారం సాయంత్రం ఒకసారి నువ్వొక్కడివే ఆగాల్సినచోట ఆగుతూ, చెప్పాల్సింది పైకే చెప్పుకుంటూ నడిచి చూడు. జనం పిచ్చివాడనుకుంటే అనుకోనీ. ఎక్కువైతే గంటస్తంభం దగ్గర చెప్పేది కొయ్యి, మూడు లాంతర్ల దగ్గరది ముట్టుకోకు. అవగానే అందర్నీ టిఫిన్‌కి ఇంటికి తీసుకొచ్చెయ్, మీ అత్త ఇడ్లీకి పప్పు నానబోస్తానంది. పన్నెండు మందో, పదిహేను మందో శుక్రవారానికి కచ్చితంగా చెప్పు.

ఆశీస్సులతో,
మీ మావయ్య